చర్చి గుమ్మం ముందు నిలబడిన యూదుడు



ఈ వారం వాక్య ధ్యానం రాద్దామని కూర్చున్నాను గానీ, పది రోజులుగా నన్ను వెంటాడుతున్న ఒక సినిమా గురించి రాయకుండా వేరే మాట రాయడం నాకు చేతకావడం లేదు. పాస్టరు గారు సినిమాలు చూస్తున్నారా అని మీలో కొందరు నొచ్చుకోవచ్చు. ఇది ఆ తరహా సినిమా కాదు. పాటల్లేవు, ఫైట్లు లేవు, నటులూ లేరు. దాని పేరు 'షోవా'. హెబ్రీ భాషలో ఆ మాటకు మహా వినాశనం అని అర్థం. క్లోద్ లాంజ్‌మన్ అనే ఫ్రెంచి యూదుడు సుమారు పదకొండేళ్ళు శ్రమపడి 1985లో విడుదల చేసిన డాక్యుమెంటరీ. నిడివి తొమ్మిదిన్నర గంటలు. హైదరాబాదులో చదువుకుంటున్న మన సంఘపు తమ్ముడొకడు సెలవులకు వచ్చినప్పుడు పెన్ డ్రైవ్‌లో తెచ్చిచ్చాడు. రాత్రి ప్రార్థన అయ్యాక, ఇంట్లో అందరూ పడుకున్నాక, నాలుగు రాత్రులు కూర్చుని చూశాను. కింద పడే ఇంగ్లీషు అక్షరాలు నాకు అందక చాలాచోట్ల ఆపి మళ్ళీ చదువుకోవలసి వచ్చింది.

యూదుల సంహారం గురించి మనకు ఎంతోకొంత తెలుసు. హిట్లర్ పాలనలో అరవై లక్షలమంది యూదులను చంపారని నేనే ఎన్నోసార్లు ప్రసంగాల్లో చెప్పాను. శవాల గుట్టల నలుపు తెలుపు ఫొటోలు కూడా చూసి ఉంటారు. లాంజ్‌మన్ తన సినిమాలో అలాంటి పాత ఫొటో ఒక్కటీ పెట్టలేదు, పాత ఫిల్ము ఒక్క అడుగు వాడలేదు. ఆయన చూపించినవి ఇప్పటి పచ్చిక మైదానాలు, రైలు పట్టాలు, చెట్లు, ఆ చోట్ల బతికిన మనుషులు. వాళ్ళు మాట్లాడతారు, మనం వింటాం. ఎవరైనా పోలిష్ భాషలో మాట్లాడితే, పక్కనున్న అనువాదకురాలు ఫ్రెంచిలో చెప్పేదాకా కెమెరా ఆగే ఉంటుంది. మొదట్లో ఈ ఆలస్యం నాకు విసుగనిపించింది. రెండో రాత్రికి అర్థమైంది. ఆ ఆగడంలో ఎదుటి మనిషి ముఖం కనిపిస్తోంది, తాను చెప్పిన మాట తనకే ఎలా తగులుతోందో కనిపిస్తోంది.

మనకు తెలిసిన మాటలో చెప్పాలంటే ఇది సాక్ష్యాల కూటమే. అయితే మన కూటాల్లో సాక్ష్యం ఎలా ఉంటుంది? జబ్బు చేసింది, డాక్టర్లు చేతులెత్తేశారు, ప్రార్థన చేయించుకున్నాం, దేవుడు బాగుచేశాడు, హల్లెలూయ. ఎవరైనా బాగుపడని సాక్ష్యం చెప్పబోతే మనమే కంగారుపడి పాట అందుకుంటాం. నేనూ అందుకున్నాను. భర్త చనిపోయిన ఒక అక్క మైకు ముందు మాట పెగలక నిలబడితే, "స్తోత్రం చెప్పండమ్మా" అని నేనే మైకు తీసుకున్న రోజు ఉంది. ఈ సినిమాలో అలాంటి ఘట్టమే ఒకటి వస్తుంది. ఏబ్రహాం బోంబా అనే ఆయన మంగలి. త్రెబ్లింకా అనే మరణ శిబిరంలో, విషవాయువు గదిలోకి పంపేముందు స్త్రీల జుట్టు కత్తిరించే పని ఆయనతో చేయించారు. లాంజ్‌మన్ ఇజ్రాయేలులో ఒక క్షౌరశాలలో ఆయన చేత ఒక మనిషికి క్షవరం చేయిస్తూనే ఆ సంగతులు అడుగుతాడు. తనతోపాటు పనిచేసే మరో మంగలి భార్య, చెల్లెలు ఆ గదిలోకి వచ్చిన రోజు దగ్గరికి వచ్చేసరికి బోంబా నోరు మూతపడిపోయింది. కత్తెర ఆడుతూనే ఉంది, మాట రాదు. ఆపేయమని అడిగాడు. లాంజ్‌మన్ ఆపలేదు, చెప్పి తీరాలన్నాడు. నిమిషాలు గడిచాక ఆయన మళ్ళీ చెప్పాడు.

అలా బలవంతపెట్టడం న్యాయమా అని చాలామంది వాదించారు. నాకూ ఆ ప్రశ్న ఉంది. త్రెబ్లింకాలో పనిచేసిన ఒక జర్మను అధికారితో, నీ పేరు బయటపెట్టనని మాటిచ్చి, దాచిన కెమెరాతో పేరుతో సహా చిత్రీకరించాడు కూడా. రాహాబు వేగులవారిని దాచడానికి అబద్ధమాడిన సంగతి గుర్తొచ్చింది గానీ, ఆమె ప్రాణాలు కాపాడటానికి ఆడింది. ఇక్కడ కాపాడేందుకు ప్రాణాలేవీ మిగల్లేదు, సత్యం ఒక్కటే ఉంది. దీని మీద నేనింకా ఒక మాటకు రాలేకపోతున్నాను. ఆ అక్క దగ్గర నేను మైకు తీసుకున్నది మాత్రం తప్పేనని తెలిసింది.

ఇక నేను రాయదలచుకున్న అసలు సంగతికి వస్తాను.

పోలెండు దేశంలో హెల్మ్నో అని ఒక పల్లె. నది, పొలాలు, ఊరి మధ్య చర్చి. 1941 డిసెంబరులో నాజీలు అక్కడ చంపడం మొదలుపెట్టారు. గదులు కూడా కట్టలేదు. మూసిన లారీలోకి మనుషులను ఎక్కించి, ఇంజను పొగనే లోపలికి వదిలేవారు. లక్షన్నరకు పైగా మనుషులు అక్కడ చనిపోయారు. బతికి బయటపడినవారు వేళ్ళ మీద లెక్కపెట్టేంతమంది. వారిలో ఒకరు సైమన్ స్రెబ్నిక్. అప్పుడు పదమూడేళ్ళ పిల్లవాడు. గొంతు బాగుందని సైనికులు అతన్ని పడవలో కూర్చోబెట్టి నది మీద పాడించుకునేవారు. కాళ్ళకు గొలుసులు. ఊరివాళ్ళందరూ ఆ పాట విన్నారు. 1945 జనవరిలో, రష్యా సైన్యం దగ్గరపడుతుండగా, మిగిలిన ఖైదీలను తలలో కాల్చి చంపారు. ఆ కుర్రవాడికీ తగిలింది గానీ ప్రాణం పోలేదు.

లాంజ్‌మన్ ఆయన్ని ఇజ్రాయేలులో కలుసుకుని, మళ్ళీ ఆ ఊరికి తీసుకొచ్చాడు. అప్పటికి స్రెబ్నిక్ వయసు 47. ఇంచుమించు నా వయసు. సినిమా మొదట్లోనే ఆయన అదే నది మీద పడవలో కూర్చుని అదే పాట పాడుతూ కనిపిస్తాడు.

సినిమా మధ్యలో ఒక ఆదివారపు సంబరం లాంటి దృశ్యం వస్తుంది. కన్య మరియమ్మ జన్మదిన పండుగ. చర్చి గంటలు మోగుతున్నాయి. గుమ్మం ముందు స్రెబ్నిక్ నిలబడ్డాడు, చుట్టూ ఊరి ఆడవాళ్ళు, మగవాళ్ళు. అందరూ అతన్ని గుర్తుపట్టారు. బతికున్నందుకు సంతోషమన్నారు. చిన్నప్పుడు ఎంత బక్కగా ఉండేవాడో, గొలుసులతో ఎలా నడిచేవాడో, ఎంత బాగా పాడేవాడో ఒకరిని మించి ఒకరు చెప్పారు. నేను ఆ ముఖాలు చూసి మన ఊరివాళ్ళే అనుకున్నాను. తలకు రుమాలు కట్టుకున్న ముసలమ్మలు, పండుగకు ఇస్త్రీ బట్టలు వేసుకున్న పెద్దలు. అంతలో చర్చిలోంచి ఊరేగింపు వచ్చింది. తెల్లని గౌనుల్లో ఆడపిల్లలు, వెనుక పాదిరి. అంతా అయ్యాక మాటలు మళ్ళీ సాగాయి. యూదులను లారీలు ఎక్కించేముందు ఇదే చర్చిలో ఉంచారని వాళ్ళే చెప్పారు. వాళ్ళ పెట్టెల అడుగున బంగారం దాచుకున్నారని ఒకరన్నారు. ఇదంతా యూదులకే ఎందుకు జరిగిందని లాంజ్‌మన్ అడిగాడు. వాళ్ళు ధనవంతులు గనుక అని కొందరు. అప్పుడు ఆ చర్చిలో ఆర్గాను వాయించే ఆయన జనాన్ని తోసుకుని ముందుకొచ్చాడు. తనకెవరో స్నేహితుడు చెప్పిన కథ ఒకటి చెప్పాడు. చావుకు వెళ్ళేముందు ఒక రబ్బీ తన ప్రజలతో, రెండు వేల ఏళ్ళ క్రితం మనవాళ్ళు క్రీస్తు రక్తాన్ని తమ మీదికి తెచ్చుకున్నారు, ఇప్పుడు అది వచ్చింది కాబోలు అన్నాడట. వెనుక నుంచి ఒక స్త్రీ అందుకుని, పిలాతు చేతులు కడుక్కున్నాడు గదా అని మొత్తం వృత్తాంతం గడగడా చెప్పేసింది.

స్రెబ్నిక్ మధ్యలో నిలబడే ఉన్నాడు. ముఖం మీద ఒక చిరునవ్వు బిగుసుకుపోయింది. ఒక్క మాట అనలేదు.

ఆ వచనం ఏదో మీకు చెప్పనక్కరలేదు. మత్తయి 27:25. ప్రతి గుడ్ ఫ్రైడేకీ మనం చదువుతాం. ఆ వచనం మీద నేను ఏం ప్రసంగించానో మీలో పెద్దవాళ్ళకు గుర్తుండే ఉంటుంది. "ఆ రోజు వాళ్ళు నోటితో కొనితెచ్చుకున్న శాపమే క్రీస్తు శకం 70లో యెరూషలేము కూలిపోవడానికి, తర్వాత హిట్లర్ చేతిలో అరవై లక్షలమంది చావడానికి కారణం, కాబట్టి నోటిని అదుపులో పెట్టుకోండి" అని చెప్పాను. ఒక్కసారి కాదు. పదిహేనేళ్ళ పరిచర్యలో కనీసం అయిదారుసార్లు చెప్పి ఉంటాను. చెప్పినప్పుడల్లా కింద నుంచి ఆమెన్ వినిపించింది. హెల్మ్నోలో ఆర్గాను వాయించే ఆయనకూ నాకూ తేడా ఏమిటని ఆ రాత్రి వెతుక్కున్నాను. ఆయన చంపలేదు, నేనూ చంపలేదు. ఆయన చెడ్డవాడిలా కూడా లేడు. అయినా చనిపోయినవారి తరఫున వచ్చిన ఒక్కగానొక్క మనిషిని ఎదురుగా పెట్టుకుని, మీకు తగినదే జరిగిందన్నాడు. నా ముందు ఏ యూదుడూ నిలబడలేదు కాబట్టి నాకు సులువైంది, అంతే.

కొందరు ఇక్కడ అడ్డు పడతారు. పోలెండువాళ్ళను లాంజ్‌మన్ ఏకపక్షంగా చూపించాడని 1985లోనే ఆ దేశపు ప్రభుత్వం అభ్యంతరం చెప్పింది. అందులో కొంత న్యాయముంది. యూదులను కాపాడినందుకు ఇజ్రాయేలు గౌరవించిన అన్యజనుల్లో పోలెండువాళ్ళే అందరికంటే ఎక్కువ, ఏడు వేలకు పైగా. పట్టుబడితే అక్కడ మరణశిక్ష అని తెలిసీ దాచారు. వాళ్ళను మరిచిపోతే మనం కూడా ఒక జాతి మీద నింద వేసినవాళ్ళమే అవుతాం. కానీ నా ప్రశ్న పోలెండు గురించి కాదు, పుల్పిట్ గురించి. ఆ ఆర్గాను వాయించే ఆయనకు ఆ మాట ఎవరు నేర్పారు? నాజీలా? కాదు. ప్రతి ఏటా పవిత్ర వారంలో విన్నాడు.

మనం ప్రొటెస్టెంటులం, అది రోమన్ కాథలిక్కుల సంగతి అని తప్పించుకోవడానికీ వీల్లేదు. మన లూథరు గారు 1543లో యూదుల మీద ఒక పుస్తకం రాశారు. వారి ప్రార్థనా మందిరాలను తగలబెట్టమని, ఇళ్ళు కూల్చమని, గ్రంథాలు లాక్కోమని అందులో పాలకులకు సలహా ఇచ్చారు. 1946లో న్యూరెంబర్గ్ న్యాయస్థానంలో స్ట్రైషర్ అనే నాజీ పత్రికాధిపతి, లూథరు బతికుంటే ఆయన కూడా ఈ బోనులో ఉండేవాడన్న అర్థంలో తన వాదన చెప్పుకున్నాడు. అమెరికాలోని లూథరన్ సంఘం 1994లో ఆ రాతలను బహిరంగంగా తిరస్కరించి విచారం ప్రకటించింది. నేను సెమినరీలో చదివినప్పుడు 1517 గురించి పరీక్షకు పదిహేను మార్కుల ప్రశ్న వచ్చేది. 1543 గురించి ఎవరూ చెప్పలేదు, నేనూ అడగలేదు. విశ్వాసం ద్వారానే నీతిమంతులమవుతామని లూథరు చెప్పినది నాకు ఇప్పటికీ ప్రాణం. ఆయన ఫొటోను చర్చి గోడ మీది నుంచి దింపను. కానీ ఆ రెండో పుస్తకం ఉందని దాచను కూడా.

వాక్యానికే వద్దాం. ఆ రోజు పిలాతు ముందు అరిచినది ఒక ఊరి జనం, అదీ కొంతమంది. యేసు యూదుడు. ఆయన తల్లి యూదురాలు. శిష్యులందరూ యూదులే. ఆయన సిలువ మోసుకుపోతుంటే రొమ్ము కొట్టుకుంటూ వెంట నడిచిన స్త్రీలు కూడా యూదులేనని లూకా 23వ అధ్యాయం చెబుతోంది. సిలువ మీద నుంచి ప్రభువు పలికిన మొదటి మాటే క్షమాపణ. నేను ఏడు మాటల ప్రసంగాల్లో మొదటి మాట మీద గంటసేపు చెప్పి, ఆ ప్రార్థనను తండ్రి వినలేదన్నట్టుగా ఆ తర్వాత శాపం సంగతి చెప్పాను. ఇంత పెద్ద పొరపాటు నాకెలా కనబడలేదు? తండ్రి దోషాన్ని కుమారుడు మోయడని యెహెజ్కేలు 18 అంటుంది. పుట్టుగుడ్డివాణ్ణి చూసి ఎవడు పాపం చేశాడని శిష్యులడిగితే ప్రభువు ఆ ప్రశ్ననే తోసిపుచ్చాడు.

ఇంకొకటి. ప్రతి ఉపవాస కూటంలో మనం ఏమని ప్రార్థిస్తాం? ప్రభువా, నీ రక్తం మా మీద, మా పిల్లల మీద ప్రోక్షించు అని. ఊరెళ్ళే పిల్లల తల మీద చెయ్యి పెట్టి ఆ రక్తం కిందే దాచమని అడుగుతాం. మనం అడిగితే ఆ రక్తం కాపుదల, వాళ్ళ మీద పడితే శాపమా? ఆ రక్తానికి రెండు గుణాలున్నాయా?

మన సంగతి కూడా మరవకండి. మన తాతలు ఊరి చివర ఎందుకుండాలి, చెరువు నీళ్ళెందుకు ముట్టకూడదు అని అడిగితే, ఏ జన్మలోనో చేసుకున్న పాపం అని చెప్పేవారట. మా తాత ఆ మాట చెబుతున్నప్పుడు ఆయన గొంతులో వచ్చే జీర నాకింకా గుర్తుంది. సువార్త ఆ మాటను అబద్ధమని చెప్పింది కాబట్టే ఆయన బాప్తిస్మం తీసుకున్నాడు. ఆయన మనవణ్ణి, అదే సువార్త చేతబట్టుకుని ఇంకొక జాతి మీద అదే మాట వేశాను. పుట్టుకతో శాపగ్రస్తులు అని.

మరోవైపు చూడండి, మన ఫోన్లలో రోజూ ఇజ్రాయేలు గురించి ఎన్ని వీడియోలు వస్తున్నాయో. అంజూరపు చెట్టు చిగిర్చింది, 1948, కడవరి గడియారం. యూదులంటే మనకంత ప్రేమ అనుకుంటాం. కానీ ఒక ప్రసంగంలో వాళ్ళను శాపానికి ఉదాహరణ చేసి, ఇంకో ప్రసంగంలో గడియారపు ముల్లు చేస్తే, రెండుచోట్లా వాళ్ళు మనుషులుగా లేరు. స్రెబ్నిక్‌కు పాడే గొంతు ఉంది. బోంబా చేతిలో కత్తెర ఉంది. సినిమా నాకు చూపించినది అదే. మన గుంటూరు జిల్లాలోనే చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిము అని తమను యూదులుగా చెప్పుకునే కొన్ని కుటుంబాలున్నాయి. మనలాంటి పేటలవాళ్ళే, చాలామంది ఒకప్పుడు క్రైస్తవ సంఘాల్లో ఉన్నవారే. వాళ్ళ నమ్మకంతో నేను ఏకీభవించను. కానీ వాళ్ళ పిల్లవాడొకడు గుడ్ ఫ్రైడే రోజు మన చర్చి వెనుక బల్ల మీద కూర్చుంటే నేను ఆ ప్రసంగం చేయగలిగేవాడినా?

ఈ సంగతులు మా తమ్ముడితో ఫోనులో చెబితే, "అన్నా, ఇంకో సినిమా ఉంది, అది కూడా చూడండి, లేకపోతే నిద్రపట్టదు మీకు" అన్నాడు. పియర్ సొవాజ్ అనే ఆయన 1980ల చివర తీసినది. పేరుకు 'ఆత్మ ఆయుధాలు' అని అర్థం. ఆయన 1944 మార్చిలో ఫ్రాన్సులోని ల షాంబోన్ అనే కొండ ఊరిలో పుట్టాడు. అతని తల్లిదండ్రులు యూదులు, ఆ ఊరి రైతులు వాళ్ళను దాచారు. తర్వాత అమెరికా వెళ్ళిపోయాక, తాము యూదులమన్న సంగతినే ఆ తల్లిదండ్రులు కొడుక్కి చెప్పలేదు. పద్దెనిమిదేళ్ళు వచ్చాకే అతనికి తెలిసింది. భయం ఎంత లోతుగా పోతుందో చూడండి. మనవాళ్ళు కొందరు పట్నంలో అద్దె ఇల్లు దొరకడం కోసం ఇంటిపేరు, పేట పేరు మింగేసినట్టే. పెద్దయ్యాక అతను కెమెరా పట్టుకుని తను పుట్టిన ఊరిని వెతుక్కుంటూ వెళ్ళాడు.

ఆ ఊరు మన లాంటి ప్రొటెస్టెంటు పల్లె. పాస్టరు పేరు ఆంద్రే త్రోక్మే. 1940 జూన్‌లో ఫ్రాన్సు లొంగిపోయిన మర్నాడే, ఆయన, తోటి పాస్టరు తైస్ కలిసి పుల్పిట్ నుంచి, మన మనస్సాక్షి మీద వచ్చే బలాత్కారాన్ని ఆత్మ ఆయుధాలతోనే ఎదిరించాలని చెప్పారు. ఆ తర్వాత నాలుగేళ్ళలో ఆ ఊరు, చుట్టుపక్కల పల్లెలు కలిసి మూడు వేల నుంచి అయిదు వేలమంది దాకా యూదులను కాపాడాయి. మన గోదావరి జిల్లాల బ్రదరన్ సహవాసాలవారికి ఒక సంగతి చెప్పాలి. ఆ కొండ మీద డార్బీ బోధను అనుసరించే విశ్వాసులు కూడా చాలామంది ఉన్నారు, వాళ్ళూ తలుపులు తెరిచారు. త్రోక్మే గారిని కొన్ని వారాలు నిర్బంధంలో పెట్టారు. ఆయన బంధువు డేనియల్ త్రోక్మే, పిల్లల వసతిగృహం చూసుకునే యువకుడు, 1943లో పిల్లలతో పాటే పట్టుబడి మైదనెక్ శిబిరంలో చనిపోయాడు.

సొవాజ్ ఆ ముసలి రైతులను, ఎందుకు చేశారు అని అడుగుతాడు. వాళ్ళు ఇబ్బందిగా నవ్వుతారు. అందులో చెప్పేదేముంది అన్నట్టు చేతులు విదిలిస్తారు. ఒకే చరిత్ర, ఒకే యుద్ధం, రెండు పల్లెలు, రెండు చర్చిలు. ఫ్రాన్సులో ఆ ప్రొటెస్టెంటులను 1685 తర్వాత రాజులు తరిమి తరిమి కొట్టారు. ఆ పాటలు, ఆ కథలు ఇళ్ళల్లో చెప్పుకుంటూ వచ్చారు. తమ తాతల బాధను వాళ్ళు ఇంకొకరికి తలుపు తెరవడానికి వాడుకున్నారు. మా తాత బాధను నేను దేనికి వాడాను?

ఈ గుడ్ ఫ్రైడేకి 27:25 చదవకుండా దాటేయమని ఒక సంఘ పెద్ద నాకు సలహా ఇచ్చారు. దాటేయను. లేఖనం లేఖనమే. చదివాక, ఇన్నేళ్ళూ దాని మీద నేను చెప్పినది తప్పని అదే పుల్పిట్ నుంచి చెప్పి, మీ ఎదుటా దేవుని ఎదుటా క్షమాపణ అడుగుతాను. ఆ ప్రసంగం రికార్డులు మీ ఫోన్లలో ఉంటే దయచేసి ఎవరికీ పంపకండి. సండే స్కూలు పిల్లల ఈస్టరు నాటికలో యూదులకు నల్ల గడ్డాలు, డబ్బు సంచులు పెట్టే పద్ధతి కూడా ఈ ఏడాది మానేద్దామని టీచరమ్మలతో మాట్లాడాను. వాళ్ళు ఒప్పుకున్నారు, ఒకరు మాత్రం యూదా ఇస్కరియోతు సంచి లేకుండా ఎలా అని అడిగారు. అది వాక్యంలో ఉంది కాబట్టి ఉంచుదామన్నాను.

షోవా తొమ్మిదిన్నర గంటలు మీ చేత చూపించలేను. వచ్చే శనివారం రాత్రి ప్రార్థన తర్వాత ల షాంబోన్ సినిమా చర్చిలో వేస్తాం, గంటన్నర. మధ్యమధ్య ఆపి నేను తెలుగులో చెబుతాను. ముసలివాళ్ళను వెంటబెట్టుకుని రండి. చాపలు తెచ్చుకోండి.